ఆల్బనీ వీధి మాస్టారు

కెండల్ స్టేషన్‌లో రైలు దిగేవాళ్లలో పట్టాల మధ్యకు చూసేవాళ్లు తక్కువ. అక్కడ పొడుగాటి లోహపు గొట్టాలు వరసగా వేలాడుతుంటాయి. వాటి మధ్య చెక్క సుత్తులు. ప్లాట్‌ఫాం గోడకున్న పిడిని ముందుకీ వెనక్కీ ఊపితే సుత్తులు మెల్లగా కదలడం మొదలుపెడతాయి. ఒక్కసారి గట్టిగా లాగితే ఏమీ మోగదు. సుత్తుల ఊపు ఏ లయలో ఉందో కనిపెట్టి ఆ లయలోనే చెయ్యి ఆడిస్తే, కాసేపటికి గొట్టాలు ఒకదాని తర్వాత ఒకటి గంటల్లా మోగుతాయి. పాల్ మతీస్ అనే శిల్పి 1980లలో అమర్చిన వాద్యమిది. పేరు పైథాగరస్. లోలకం గురించి పుస్తకంలో ఎంత చదివినా తెలియనిది ఆ పిడి పట్టుకున్న చేతికి తెలుస్తుంది. నాతో వచ్చిన మా మేనకోడలు రెండు రైళ్లు వెళ్లిపోయేదాకా పిడి వదల్లేదు.

అమెరికాలో మసాచుసెట్స్ రాష్ట్రంలోని కేంబ్రిడ్జి ఊరు ఇది. బోస్టన్ నుంచి రెడ్ లైన్ రైలు లాంగ్‌ఫెలో వంతెన మీద చార్లెస్ నదిని దాటి, వెంటనే నేలలోకి దిగి, ఎంఐటీ గడపలో ఆగుతుంది. హైదరాబాద్ శివార్లలోని ఒక ఇంజనీరింగ్ కాలేజీలో నేను ఏవియానిక్స్ చెబుతాను. విమానంలోని రేడియోలు, రాడార్లు, దారి చూపే పరికరాలు, వాటిని నడిపే కంప్యూటర్లు, ఇవన్నీ కలిపితే ఏవియానిక్స్. ఆ పాఠంలో సగం భాగం వెనక ఒకే ఒక ప్రొఫెసర్ ఉంటారు. ఆయన పేరు మా పాఠ్యపుస్తకంలో ఎక్కడో ఒక మూల తప్ప కనిపించదు. చార్లెస్ స్టార్క్ డ్రేపర్. విద్యార్థులకు 'డాక్'. మా అక్క కూతురు బోస్టన్‌లో ఎంఎస్ చదువుతోంది కాబట్టి బస దొరికింది. ఆయన తిరిగిన వీధుల్లో తిరగాలనీ, ఆయన పనిచేసిన చోట్లు కళ్లారా చూడాలనీ వచ్చాను.

డ్రేపర్ 1901లో మిస్సోరీ రాష్ట్రంలో విండ్సర్ అనే చిన్న ఊళ్లో పుట్టారు. పదిహేనేళ్లకే కాలేజీలో చేరారు. స్టాన్‌ఫర్డ్‌లో 1922లో పుచ్చుకున్న పట్టా మనస్తత్వశాస్త్రంలో. అదే ఏడాది కేంబ్రిడ్జి వచ్చి ఎంఐటీలో చేరి, 1926లో ఎలక్ట్రోకెమికల్ ఇంజనీరింగ్ పట్టా తీసుకున్నారు. తర్వాత ఎమ్మెస్. 1938లో భౌతికశాస్త్రంలో డాక్టరేట్. ఎంఐటీ చరిత్రలో ఆయనంత ఎక్కువ కోర్సులు చదివినవాళ్లు లేరని ఇక్కడ ఇప్పటికీ చెప్పుకుంటారు. మనసు, రసాయనం, విద్యుత్తు, యంత్రం దాటుకుంటూ వచ్చిన ఈ మనిషి చివరికి విమానాల శాఖలో స్థిరపడ్డారు. మన దగ్గరైతే ఈ పిల్లాడికి నిలకడ లేదనేవాళ్లు. ఆయన చేసిన పరికరాలను ఒక్కొక్కటిగా చూస్తే ఈ చదువుల్లో ఏదీ వృథా పోలేదని తెలుస్తుంది. మనస్తత్వశాస్త్రం కూడా. పైలట్ కంటికి ముల్లు ఎలా కనిపిస్తుంది, భయంలో ఉన్న మనిషి దాన్ని ఎలా చదువుతాడు అన్న ప్రశ్నను ఆయన ఏనాడూ పక్కన పెట్టలేదు.

మసాచుసెట్స్ అవెన్యూ మీద 33వ నంబరు భవనం. గుగ్గెన్‌హైమ్ నిధులతో 1928లో కట్టిన ఏరోనాటికల్ లేబరేటరీ ఇదే. పక్కనే 1938లో వచ్చిన రైట్ బ్రదర్స్ విండ్ టన్నెల్ ఉండేది. ఇప్పుడు అక్కడ కొత్త టన్నెల్ కట్టారు, పేరు మాత్రం అదే. మేం వెళ్లేసరికి తరగతులు వదిలే వేళ. సైకిళ్లు, వీపు సంచులు, చేతిలో కాఫీలు. డ్రేపర్ 1935లో ఇక్కడ అసిస్టెంట్ ప్రొఫెసర్, 1939లో ప్రొఫెసర్ అయ్యారు. ఆయన చెప్పిన పాఠం విమానంలో వాడే పరికరాల మీద. ఆ రోజుల్లో మబ్బులోకి వెళ్లిన పైలట్‌కు తన విమానం ఒరిగిందో తిన్నగా ఉందో ఒంటికి తెలిసేది కాదు. లోపలి చెవి అబద్ధం చెబుతుంది. చూసుకుందామంటే పరికరాలు అరకొర. మబ్బులో దిక్కు తప్పి చనిపోయిన పైలట్లు ఎందరో.

డ్రేపర్ దీన్ని నల్లబల్ల దగ్గర కూర్చుని తేల్చాలనుకోలేదు. తనే విమానం నడపడం నేర్చుకున్నారు. తోటి అధ్యాపకుడు జూలియస్ స్ట్రాటన్‌ను ఒకసారి పైకి తీసుకెళ్లి, ఉన్న పరికరాలు ఎంత చాలవో చూపించడానికి విమానాన్ని రెక్కలు పట్టు తప్పే స్టాల్‌లోకీ, గిరగిరా తిరుగుతూ పడిపోయే స్పిన్‌లోకీ పడేశారు. కిందికి దిగాక, ఇంకెప్పుడూ ఇతనితో విమానం ఎక్కనని స్ట్రాటన్ ఒట్టు పెట్టుకున్నారని కథ. ఆ స్ట్రాటన్ తర్వాత ఎంఐటీ ప్రెసిడెంట్ అయ్యారు. ఇది నవ్వుకోవడానికి చెప్పే కథ కాదని నా నమ్మకం. ఒక మాస్టారు తను చెప్పే విషయం కోసం ప్రాణాన్ని పూచీ పెట్టిన సందర్భం అది. ఆయన జీవితంలో అదే ఆఖరుసారి కూడా కాదు.

33వ భవనం నుంచి రైలు పట్టాలు దాటి కాస్త నడిస్తే ఆల్బనీ వీధి. నేను చూడాలనుకున్న అసలు చోటు ఇదే. విట్‌మోర్ అనే కంపెనీ బూటు పాలిష్ తయారుచేసిన పాత ఫ్యాక్టరీని తీసుకుని, డ్రేపర్ తన ఇన్‌స్ట్రుమెంటేషన్ లేబరేటరీని పెంచింది ఈ వీధిలోనే. నిజం చెప్పాలంటే ఇప్పుడు ఇక్కడ చూడ్డానికి పెద్దగా ఏమీ లేదు. చుట్టూ బయోటెక్ కంపెనీల అద్దాల మేడలు, లారీలు సరుకు దించే వాకిళ్లు, ఆవిరి గొట్టాలు. అయినా చాలాసేపు అటూ ఇటూ తిరిగాను. ఎందుకంటే ఆయన పద్ధతి ఇక్కడే తయారైంది. విద్యార్థి ఒక ఆలోచనతో వస్తాడు. దాని లెక్క కడతాడు. లెక్క కుదిరాక కింది అంతస్తులో లేత్ దగ్గరికి వెళ్లి మెషినిస్టు పక్కన నిలబడి దాన్ని లోహంలో చేయిస్తాడు. ఆ తర్వాత దాన్ని విమానంలో బిగించి ఎగరేస్తారు. పనిచేస్తేనే థీసిస్. ఈ నాలుగు మెట్లలో ఏ ఒక్కటి తీసేసినా మిగిలేది సగం చదువని ఆయన పట్టుపట్టారు. ఇన్నేళ్లు పాఠం చెప్పాక నేనూ అదే పట్టు పడతాను.

రెండో ప్రపంచ యుద్ధం వచ్చింది. ఆకాశంలో దూసుకొచ్చే విమానానికి గురిపెట్టి కాలిస్తే, గుండు అక్కడికి చేరేసరికి విమానం ముందుకు వెళ్లిపోయి ఉంటుంది. ఎంత ముందుకు గురిపెట్టాలి? ఓడ డెక్ మీద నిలబడ్డ ఇరవయ్యేళ్ల నావికుడు అర క్షణంలో తేల్చుకోవాల్సిన లెక్క ఇది. డ్రేపర్ బృందం ఒక చిన్న పెట్టెలో జైరోస్కోపులు, అంటే వేగంగా తిరుగుతూ తమ దిక్కును పట్టుకుని ఉండే చక్రాలు, పెట్టింది. నావికుడు విమానాన్ని అద్దంలోంచి వెంబడిస్తుంటే, తుపాకీ ఎంత వేగంగా తిరుగుతోందో జైరోలు పసిగట్టి, గురి గుర్తును తగినంత జరుపుతాయి. లెక్క పెట్టె చేస్తుంది, మనిషి వెంబడిస్తే చాలు. మార్క్ 14 గన్‌సైట్ అని పేరు. స్పెర్రీ కంపెనీ తయారుచేసింది. 1942 అక్టోబరులో పసిఫిక్‌లో సాంటాక్రూజ్ దీవుల దగ్గర జరిగిన పోరులో సౌత్ డకోటా అనే యుద్ధనౌక దాంతో తనమీదికొచ్చిన విమానాలను ఎదుర్కొన్నాక, నౌకాదళం అంతటా దానికి గిరాకీ పెరిగింది. ఈ ప్రొఫెసర్ పేరు సైన్యంలో పెద్దవాళ్లకు తెలిసింది అప్పుడే. డబ్బు, రహస్య పత్రాలు, యూనిఫారాలు ఆల్బనీ వీధికి రావడం మొదలైంది కూడా అప్పుడే.

యుద్ధం తర్వాత ఆయన పట్టుకున్న ప్రశ్న వినడానికి చాలా చిన్నది. బయటికి చూడకుండా, ఎవర్నీ అడగకుండా, నేనెక్కడున్నానో తెలుసుకోగలనా? నక్షత్రాలు చూడకూడదు, రేడియో వినకూడదు, కింద నేల కనిపించకూడదు. కిటికీల్లేని పెట్టెలో కూర్చున్నా, అది ఎంత వేగం పుంజుకుందో, ఎటు తిరిగిందో క్షణక్షణం కొలుస్తూ పోతే లెక్క కట్టవచ్చు. త్వరణాన్ని కాలంతో కూడుతూ పోతే వేగం, వేగాన్ని అలాగే కూడితే దూరం. దీన్నే ఇనర్షియల్ నేవిగేషన్ అంటాం. మా మూడో సంవత్సరం పిల్లలు పరీక్షలో ఈ సమీకరణాలు రెండు నిమిషాల్లో రాసేస్తారు.

ఆచరణలో ఇది అసాధ్యమన్నవాళ్లు మామూలువాళ్లు కారు. భౌతికశాస్త్రవేత్త జార్జ్ గామోవ్ 1948లో పనిగట్టుకుని దీని మీద ఒక విమర్శ రాశారు. ఆయన అభ్యంతరం చాలా గట్టిది. తాపీమేస్త్రీ దారానికి కట్టి వేలాడదీసే గుండును ఒకసారి తలుచుకోండి. నిలబడ్డ చోట అది తిన్నగా భూమి మధ్యకు చూపిస్తుంది. అదే గుండును వేగం పెంచుతున్న బస్సులో వేలాడదీస్తే వెనక్కి వాలుతుంది. వాలింది బస్సు ఊపు వల్లా, రోడ్డు ఎత్తెక్కడం వల్లా? గుండుకు తెలియదు. త్వరణాన్ని కొలిచే ఏ పరికరానికైనా ఇదే తిప్పలు. గురుత్వాకర్షణకూ కదలికకూ తేడా లోపలి నుంచి తెలియదు. నిట్టనిలువు ఎటో తెలియకపోతే లెక్క మొత్తం తప్పుతుంది. ఆ తప్పు గంట గంటకూ పెరుగుతుంది.

దీనికి దారి జర్మనీలో మాక్స్ షూలర్ 1923లోనే చూపించారు. లోలకం దారం భూమి వ్యాసార్థమంత పొడవుంటే, గుండు సరిగ్గా భూమి మధ్యలో ఉంటుంది. పై కొసను పట్టుకుని భూమి మీద ఎంత జోరుగా పరుగెత్తినా గుండు కదలదు, దారం ఎప్పుడూ నిట్టనిలువుగానే ఉంటుంది. అలాంటి లోలకం ఒక్క ఊపు పూర్తిచేయడానికి 84.4 నిమిషాలు పడుతుంది. ఆరువేల కిలోమీటర్లకు పైబడ్డ దారాన్ని ఎవరూ కట్టలేరు. జైరోలనూ త్వరణమాపకాలనూ ఒకదానితో ఒకటి ముడిపెట్టి, ఆ జత 84.4 నిమిషాల లయలో ఊగేలా సరిచేస్తే మాత్రం అవి ఆ దారంలాగే ప్రవర్తిస్తాయి. డ్రేపర్ శిష్యుడు వాల్టర్ రిగ్లీ కదిలే వాహనంలో నిట్టనిలువును కనిపెట్టే పద్ధతుల మీదే డాక్టరేట్ చేశారు. గురుశిష్యులిద్దరూ ఈ పనిలో కలిసి నడిచారు.

రెండో చిక్కు ఇరుసుది. జైరో ఎంత బాగా తిరిగినా, అది వాలే ఇరుసు దగ్గర రాపిడి ఉంటే పక్కకు జారుతుంది. గంటకు డిగ్రీలో వందో వంతు జారినా, ఖండం దాటేసరికి ఊరు తప్పిపోతాం. డ్రేపర్ ఉపాయం జైరోను మూసిన డబ్బాలో పెట్టి, ఆ డబ్బాను చిక్కటి ద్రవంలో తేలనివ్వడం. డబ్బా బరువు సరిగ్గా ద్రవం మోసేంత ఉంటే, ఇరుసు మీద భారమే పడదు. ఆ సరితూకం చెడకుండా ద్రవం వెచ్చదనాన్ని కచ్చితంగా ఒకే చోట నిలబెట్టాలి. దీన్ని కాగితం మీద వివరించడం సులువు. దుమ్ము కణం పడినా, ద్రవంలో గాలిబుడగ మిగిలినా పాడయ్యే ఈ వస్తువును చేతులతో చేయడం నేర్పింది మాత్రం ఆ బూటు పాలిష్ ఫ్యాక్టరీలో మెషినిస్టులూ విద్యార్థులూ పక్కపక్కన గడిపిన ఏళ్లే.

మర్నాడు మేం బెడ్‌ఫర్డ్ వెళ్లాం. రెడ్ లైన్ చివరి స్టేషన్ దిగి బస్సు పట్టుకుంటే హాన్స్‌కమ్ ఫీల్డ్ చేరొచ్చు. దారిలో లెక్సింగ్టన్. అమెరికా స్వాతంత్ర్య పోరాటం మొదలైన ఊరని యాత్రికులందరూ అక్కడే దిగుతారు. అక్టోబరు కావడంతో మేపుల్ చెట్లు ఎర్రగా, పసుప్పచ్చగా ఉన్నాయి. హాన్స్‌కమ్‌లో ఒకవైపు వైమానిక దళం, ఇంకోవైపు చిన్న ప్రైవేటు విమానాలు. కంచె పక్కన నిలబడి రన్‌వే చూశాం. "ఇక్కడేముంది మావయ్యా?" అంది మా మేనకోడలు. ఆ రన్‌వే మీద నుంచే డ్రేపర్ పందెం కాశారని చెప్పాను.

1953 ఫిబ్రవరి. బి-29 బాంబర్ లోపల టన్నుకు పైగా బరువున్న పరికరం. దాని పేరు స్పైర్. డ్రేపర్, ఆయన మనుషులు ఎక్కారు. విమానం గాల్లోకి లేచాక ఆ పెట్టెను ఆటోపైలట్‌కు కలిపి, పైలట్ చేతులు తీసేశాడు. లాస్ ఏంజెలెస్‌లో సరిగ్గా ఇదే విషయం మీద ఒక రహస్య సదస్సు జరగబోతోంది. అది సాధ్యమా కాదా అని వాదించుకోవడానికి దేశం నలుమూలల నుంచి నిపుణులు వస్తున్నారు. పన్నెండు గంటలకు పైగా, మేఘాల మీదుగా, రాకీ పర్వతాల మీదుగా, ఎవర్నీ దారి అడగకుండా ఆ పెట్టె విమానాన్ని అమెరికా ఒక కొస నుంచి ఇంకో కొసకు తీసుకెళ్లింది. డ్రేపర్ సదస్సుకు చేరుకుని, ఎలా వచ్చారో చెప్పారు.

మా మేనకోడలు కంప్యూటర్ సైన్స్ పిల్ల. "పైలట్ ఊరుకున్నాడా? మధ్యలో తిప్పేద్దామనిపించలేదా?" అనడిగింది. ఆ విమానంలో అందరికంటే కష్టమైన పని అతనిదేనని నాకూ అనిపిస్తుంది. చేతులు ఒళ్లో పెట్టుకుని, తనకంటే ఒక లోహపు పెట్టెకు దారి బాగా తెలుసని నమ్మడం. విమానయానంలో ఆ తర్వాత వచ్చిన ప్రతి మార్పూ మనిషి నుంచి ఆ నమ్మకాన్నే అడిగింది. జీపీఎస్ రాకముందు సముద్రాలు దాటిన జెట్ విమానాలను గమ్యం చేర్చింది ఈ వంశానికి చెందిన పెట్టెలే. ఇప్పుడు యుద్ధాలు జరిగే చోట్ల జీపీఎస్ సంకేతాన్ని చెరిపేస్తున్నారు, తప్పుడు సంకేతం పంపుతున్నారు. ఆ గగనతలం మీదుగా వెళ్లే పైలట్లు తిరిగి నమ్ముకునేది ఈ పెట్టెనే. బయటి నుంచి ఏమీ అడగనిదాన్ని బయటి నుంచి ఎవరూ మోసం చేయలేరు.

డ్రేపర్ 1951 నుంచి 1966 దాకా ఏరోనాటిక్స్ శాఖకు అధిపతి. శాఖ పేరులో ఆస్ట్రోనాటిక్స్ చేరింది ఆయన హయాంలోనే. టైమ్ పత్రిక 1960 సంవత్సరపు వ్యక్తులుగా అమెరికా శాస్త్రవేత్తలను ఎంచుకున్నప్పుడు ఆ పదిహేను మందిలో ఆయనున్నారు. 1961 మేలో అధ్యక్షుడు కెన్నెడీ చంద్రుడి మీదికి మనిషిని పంపే ప్రస్తావన తెచ్చారు. ఆగస్టుకల్లా, ఆ యాత్ర కోసం చేపట్టిన అపోలోకు దారి చూపే వ్యవస్థను చేసిపెట్టే పని డ్రేపర్ ల్యాబుకు వచ్చింది. అపోలో కార్యక్రమంలో మొదటి పెద్ద కాంట్రాక్టు అదే. రాకెట్ ఎవరు కడతారో తేలకముందే దారి చూపేవాళ్లు ఎవరో తేలింది. అది పనిచేస్తుందని నమ్మకమేమిటని నాసా పెద్దలు అడిగితే, నేనే వెంట వెళ్లి నడుపుతానన్నారు. ఊరికే అనలేదు. ఆ నవంబరులో నాసాలో పెద్ద పదవిలో ఉన్న రాబర్ట్ సీమన్స్‌కు ఉత్తరం రాశారు. తనకు ఇంజనీరుగా, పైలట్‌గా అనుభవం ఉందనీ, వ్యోమగామిగా తీసుకోమనీ, తాము చేసిన పరికరానికి తన ప్రాణమే అప్పజెబితే ప్రాజెక్టుకు అంతకు మించిన ప్రేరణ ఉండదనీ దాని సారాంశం. అప్పటికి ఆయనకు అరవయ్యేళ్లు. సీమన్స్ ఒకప్పుడు ఆయన దగ్గర చదువుకున్న విద్యార్థి. శిష్యుడికి గురువు పెట్టుకున్న దరఖాస్తు! చదివినప్పుడల్లా నాకు గుండె నిండిపోతుంది. స్ట్రాటన్‌ను స్పిన్‌లోకి తీసుకెళ్లిన మనిషే ఇక్కడా కనిపిస్తాడు.

నాసా ఆయన్ని పంపలేదు. ఆయన విద్యార్థులు వెళ్లారు. చంద్రుడి మీద నడిచిన పన్నెండు మందిలో నలుగురు, అంటే బజ్ ఆల్డ్రిన్, డేవిడ్ స్కాట్, ఎడ్గర్ మిచెల్, చార్లెస్ డ్యూక్, ఆయన అధిపతిగా ఉన్న రోజుల్లో ఈ శాఖలో చదివినవాళ్లే. అంతరిక్షంలో రెండు నౌకలు ఒకదాన్నొకటి కలుసుకోవడమెలాగన్నది 1963లో ఆల్డ్రిన్ సమర్పించిన డాక్టరేట్ థీసిస్. ల్యాబులో దారుల గణితం కట్టిన రిచర్డ్ బాటిన్ ఇదే ప్రాంగణంలో ఆ పాఠం చెప్పేవారు. తాము నేర్చుకున్న లెక్క మీదనే కూర్చుని ఆ పిల్లలు చంద్రుడి దాకా వెళ్లారు.

తిరిగొచ్చాక, మధ్యాహ్నం నది ఒడ్డున కేంబ్రిడ్జ్ పార్క్‌వే మీద నడిచాం. అపోలో కంప్యూటర్ పని జరిగిన భవనం ఈ దారిలోనే ఉండేది. చార్లెస్ నదిలో తెరచాప పడవలు తిరుగుతున్నాయి. ఆ కంప్యూటర్ గురించి మా మేనకోడలికి నాకంటే ఎక్కువే తెలుసు. బరువు దాదాపు 32 కిలోలు. చెరిపి రాయగల జ్ఞాపకం 2,048 పదాలు. శాశ్వత జ్ఞాపకం 36,864 పదాలు. ఈ శాశ్వత జ్ఞాపకాన్ని చేత్తో నేశారు. చిన్న అయస్కాంతపు ఉంగరం లోంచి తీగ వెళితే ఒకటి, పక్కనుంచి వెళితే సున్నా. వాల్తమ్‌లోని రేథియాన్ ఫ్యాక్టరీలో ఆడవాళ్లు బల్లల ముందు కూర్చుని, చంద్రుడి మీద దిగే ప్రోగ్రామును తీగ తీగగా అల్లారు. అల్లిక ఒకసారి పూర్తయితే మార్చడానికి వీల్లేదు. అందుకే ప్రోగ్రాం రాసే మార్గరెట్ హామిల్టన్, డాన్ ఐల్స్ లాంటివాళ్లు ముందే అన్నీ ఆలోచించుకోవాల్సి వచ్చింది. 1969 జులై 20న చంద్రుడి మీదికి దిగుతుండగా 1202 అని అలారం మోగింది. ఒక రాడార్ నుంచి అనవసరపు పని వచ్చిపడి కంప్యూటర్‌కు ఊపిరాడలేదు. అది ఆగిపోలేదు. ముఖ్యం కాని పనులు వదిలేసి, దిగడానికి కావలసినవి మాత్రం చేస్తూ పోయింది. పనులకు అలా ప్రాధాన్యం ఇచ్చే పద్ధతిని హాల్ లానింగ్ ఏళ్ల క్రితమే అందులో పెట్టారు. "ఇప్పటి ఆపరేటింగ్ సిస్టమ్ పాఠంలో మొదటి వారం ఇదే చెప్తారు మావయ్యా, ఎక్కడ పుట్టిందో మాత్రం చెప్పరు" అంది.

అదే 1969లో, అదే ల్యాబు గుమ్మం ముందు విద్యార్థులు బైఠాయించారు. ఈ భాగాన్ని దాటేసి ఆయన కథ చెప్పడం న్యాయం కాదు. వియత్నాం యుద్ధం నడుస్తోంది. అపోలో పక్కనే ఆ ల్యాబులో పొలారిస్, పొసైడన్ క్షిపణులకు దారి చూపే వ్యవస్థల పని జరిగింది. అణు వార్‌హెడ్లు మోసే క్షిపణులవి. చంద్రుడికి దారి చూపిన లెక్కే నగరాలకూ దారి చూపుతుంది. మార్చి 4న ఎంఐటీలో ఒకరోజు పరిశోధన ఆపి చర్చలు పెట్టారు. నవంబరులో ల్యాబు ముందు నిరసనకారులను పోలీసులు చెదరగొట్టారు. తన పని దేశాన్ని కాపాడేదని డ్రేపర్ నమ్మారు, దాచుకోలేదు. యూనివర్సిటీ కమిటీ వేసింది, ఆలోచించింది. డైరెక్టర్ పదవి నుంచి ఆయన్ని తప్పించింది. తనను తీసేశారని ఆయన బాహాటంగానే అన్నారు. 1970లో ల్యాబుకు ఆయన పేరే పెట్టి, 1973 జులై 1న ఎంఐటీ నుంచి పూర్తిగా విడదీశారు.

ఇరుపక్షాలూ అడిగినవి అసలైన ప్రశ్నలే. తన చదువు ఏ చేతికి ఆయుధమవుతుందో అడిగే హక్కు విద్యార్థికి ఉంది. ఆ ప్రశ్న వేసినవాళ్లను నేను గౌరవిస్తాను. మన ఇంజనీరింగ్ కాలేజీల్లో అది అసలు వినిపించకపోవడం నన్ను బాధపెడుతుంది. హైదరాబాద్ ఈ విషయానికి దూరం కాదు. బాలానగర్‌లో విమానాల తయారీ సంస్థ హాల్ వారి ఏవియానిక్స్ విభాగం 1965 నుంచి ఉంది. క్షిపణులకు ఇనర్షియల్ వ్యవస్థలు రూపొందించే రీసెర్చ్ సెంటర్ ఇమారత్ మా ఊరి అంచునే ఉంది. మా పిల్లల్లో చాలామందికి ఆ గేట్లలోకి వెళ్లాలనే కల. వెళ్లేముందు ఆలోచించమనే చెబుతాను. అయితే కేంబ్రిడ్జిలో ఆ ముడి విప్పిన తీరుతో నాకు సమాధానం కుదరలేదు. పరికరాలు ఆగలేదు, వీధి మారాయంతే. పొసైడన్ తర్వాత ట్రైడెంట్ వచ్చింది. తెగిపోయింది పాఠానికీ లేత్‌కూ మధ్య ఉన్న దారి. డ్రేపర్ ఏర్పరిచిన అసలు వస్తువు ఆ దారే.

ఆ దారి పూర్తిగా మూసుకుపోలేదని టెక్నాలజీ స్క్వేర్‌లో తెలిసింది. డ్రేపర్ లేబరేటరీ ఇప్పుడు ఉన్నది అక్కడ, 33వ భవనానికి నడక దూరంలోనే. ఎంఐటీ పిల్లలు కొందరు ఇప్పటికీ తమ థీసిస్ పని ఆ ల్యాబులో చేసే ఏర్పాటు ఉంది. పదవి పోయాక కూడా డ్రేపర్ ఇల్లు పట్టలేదు. 1987లో, ఎనభై అయిదేళ్ల వయసులో కన్నుమూసేదాకా తన పేరున్న ల్యాబుతోనే ఉన్నారు. ఇంజనీరింగ్‌లో పెద్ద బహుమానంగా పేరున్న డ్రేపర్ ప్రైజును ఆయన పేరు మీద పెట్టి, తొలి బహుమానాన్ని 1989లో ఇచ్చింది ఇంటిగ్రేటెడ్ సర్క్యూట్ రూపొందించిన జాక్ కిల్బీ, రాబర్ట్ నాయిస్‌లకు. సరైన ఎంపిక. ఆ చిప్పు ఇంకా పసిగుడ్డుగా ఉన్నప్పుడు, నమ్మి వేలకొద్దీ కొన్నది అపోలో కంప్యూటర్ చేసిన ఈ ల్యాబే.

ఆ సాయంత్రం స్క్వేర్‌లో బల్ల మీద కూర్చుని మా కాలేజీ ల్యాబ్ అసిస్టెంట్‌కు ఫోన్ చేశాను. అక్కడ తెల్లవారుతోంది. విమానం ఒరిగిందో తిన్నగా ఉందో జైరోతో చూపించే ఆర్టిఫిషియల్ హొరైజన్, శిక్షణ విమానం నుంచి తీసేసిన పాతది ఒకటి, మా దగ్గర అద్దాల బీరువాలో ఉంది. తనిఖీకి వచ్చినవాళ్లకు చూపించడానికి తప్ప దాన్ని బయటికి తీయరు.

"దాన్ని బల్ల మీద పెట్టించండి. వెనక నాలుగు స్క్రూలుంటాయి, వాటిని మాత్రం ముట్టుకోకండి. నేనొచ్చాక మూడో సంవత్సరం పిల్లలే విప్పుతారు."

"సార్, అది స్టాక్ రిజిస్టర్‌లో ఉంది. విరిగితే?"

"నా పేరు మీద రాసుకోండి. వాక్యూమ్ పంపు దొరుకుతుందేమో బాలానగర్‌లో అడిగి చూడండి. రోటర్ తిరగాలి. పిల్లలు దాన్ని చేత్తో పట్టుకుని పక్కకు వంచాలి."

"పంపు మా బావమరిది ఫ్రిజ్ రిపేరు షాపులో ఉంటుంది సార్. పాత కంప్రెసర్‌తో పని జరుగుతుందా?"

పనికొస్తుంది, గాలి పీల్చే వైపు గొట్టం తగిలించి, పీడనం చూసుకోవడానికి ఒక గేజ్ కూడా తెమ్మన్నాను.